మహాభారతం చూస్తూ కరాచీ సింధీ బిర్యానీ వండుకోవడం ఎలా

ముందే చెప్పేస్తున్నా, ఇది మన హైదరాబాదీ కచ్చి బిర్యానీ కాదు, ఆ అలవాటుతో పచ్చి మాంసం కింద పరిచి పైన అన్నం వేసి దమ్ పెట్టేద్దాం అనుకుంటే ఇక్కడ పనికిరాదు. పాకిస్తాన్‌లో ఇళ్ళల్లో ఎక్కువగా చేసేది, ముఖ్యంగా సింధ్ రాష్ట్రంలో ఉన్న కరాచీలో, సింధీ బిర్యానీ. టమాటా ఉంటుంది, పెరుగు ఉంటుంది, బంగాళదుంప ఉంటుంది, ఆలూ బుఖారా అనే పుల్లటి ఎండు పండ్లు ఉంటాయి, పచ్చిమిర్చి ధారాళంగా ఉంటుంది. కూర మొత్తం పూర్తిగా ఉడికిపోయి నూనె పైకి తేలాకే అన్నం దగ్గరికి పోతాం. దమ్ అనేది ఆ రెండిటినీ కలపడానికి మాత్రమే, మాంసం ఉడకడానికి కాదు. అందుకే కొత్తవాళ్ళకి కచ్చి కన్నా ఇదే సేఫ్, ముక్క ఉడికిందో లేదో అన్న టెన్షన్ ఉండదు, మూత పెట్టకముందే ఒక ముక్క నోట్లో వేసుకుని చూసుకోవచ్చు.

ఇంక పౌరాణిక సీరియల్ ఎందుకంటారా, ఈ బిర్యానీలో గంటల తరబడి టైమ్ పడుతుంది కానీ చేతికి పని మాత్రం మధ్యమధ్యలోనే ఉంటుంది, మిగతాదంతా వెయిటింగే. పౌరాణిక సీరియల్ కూడా అంతే కదా. అర్జునుడు బాణం వదిలాడంటే అది అవతలివాడికి తగిలేలోపు ఇద్దరు దేవతలు ఆకాశంలోంచి చూడాలి, కుంతి కళ్ళు మూసుకోవాలి, సంజయుడు ధృతరాష్ట్రుడికి చెప్పాలి, ఆయన సింహాసనం పట్టుకుని వణకాలి, ఆ గ్యాప్‌లో మీరు వంటింట్లోకి వెళ్ళి గరిటె తిప్పి వచ్చినా కథలో ఏం మిస్ అవ్వరు. థ్రిల్లర్ వెబ్ సిరీస్ పెట్టుకుంటే మాత్రం అడుగంటడం ఖాయం.

ఏది పెట్టుకోవాలి అంటే నా ఓటు మహాభారతానికే. దూరదర్శన్‌లో 1988 అక్టోబర్ 2న మొదలై 1990 జూన్‌లో అయిపోయిన బి.ఆర్. చోప్రాది 94 ఎపిసోడ్లు, ఒక్కోటి ముప్పావు గంట దాకా నడుస్తుంది, మటన్ సిమ్‌లో మగ్గడానికి బాగా సరిపోతుంది. 2013లో స్టార్ ప్లస్‌లో వచ్చి తర్వాత తెలుగులోకి డబ్ అయినది 267 ఎపిసోడ్లు, యాడ్స్ లేకుండా చూస్తే ఒక్కోటి 20 నిమిషాలు అటూఇటూ, అంటే కరెక్ట్‌గా ఒక దమ్. అలారం పెట్టుకునే పనే లేదు. పాకిస్తాన్ వంట, మహాభారతం, ఇదేం కాంబినేషన్ అని ఎవరైనా మూతి ముడిస్తే ఆ చోప్రా మహాభారతానికి స్క్రిప్టు, డైలాగులు రాసింది రాహీ మాసూమ్ రజా అనే ముస్లిం రచయిత అని గుర్తు చేయండి. ఇంకో మాట, సింధు దేశపు రాజు మనకి బాగా తెలిసినవాడే, సైంధవుడు. ఎవరైనా పనికి అడ్డం పడితే సైంధవుడిలా అడ్డుపడ్డాడు అంటాం చూడండి, ఆయనే. కాబట్టి సింధీ బిర్యానీ వండే రోజు పదమూడో రోజు, పద్నాలుగో రోజు యుద్ధం ఎపిసోడ్లు పెట్టుకోండి, అభిమన్యుడు పద్మవ్యూహంలోకి పోవడం దగ్గర్నుంచి సైంధవ వధ దాకా. ఎందుకో దమ్ దగ్గర చెప్తా.

సామాన్లు. ఆరుగురికి సరిపోయే లెక్క ఇది. ఎముకతో ఉన్న మటన్ కేజీ, బాస్మతి ముప్పావు కేజీ, ఉల్లిపాయలు పెద్దవి 4, బాగా పండిన టమాటాలు 4 లేదా 5, పుల్లగా ఉన్న పెరుగు పావు కేజీ, బంగాళదుంపలు 4, అల్లంవెల్లుల్లి పేస్ట్ 2 పెద్ద స్పూన్లు, పచ్చిమిర్చి 10, ఆలూ బుఖారా 8 నుంచి 10, పుదీనా ఒక కట్ట, కొత్తిమీర ఒక కట్ట, నిమ్మకాయలు 2, నూనె 200 ఎంఎల్. నూనె చూసి భయపడకండి, ఉల్లిపాయలు వేగడానికి, కూరలో పైకి తేలడానికి, అన్నానికి పట్టడానికి అన్నిటికీ కలిపి అంతే, వేరే నెయ్యి వేయం. ఆలూ బుఖారా హైదరాబాద్‌లో బేగంబజార్ డ్రై ఫ్రూట్స్ షాపుల్లో అడిగితే ఇస్తారు, గల్ఫ్‌లో, అమెరికాలో అయితే ఏ పాకిస్తానీ గ్రోసరీలో అయినా ఉంటుంది. దొరక్కపోతే తియ్యటి ప్రూన్స్ వేసి మోసపోకండి, దానికన్నా గోళీ అంత చింతపండు నానబెట్టి ఆ రసం పోయడం నయం, పండు కొరికినప్పుడు వచ్చే ఆ పులుపు రాదు కానీ కూర రుచి మాత్రం దారిలో ఉంటుంది.

బియ్యం గురించి ఒక మాట. కరాచీ హోటళ్ళలో, పెళ్ళిళ్ళలో ఎక్కువగా సెల్లా వాడతారు, అంటే ముందే ఉప్పుడు చేసిన బాస్మతి, కొంచెం పసుపు రంగులో ఉంటుంది, విరగదు, ముద్దవ్వదు. మొదటిసారి చేస్తున్నారంటే అదే తీసుకోండి, గంట పైనే నానబెట్టాలి. మామూలు బాస్మతికి అరగంట చాలు. వాసన విషయంలో మామూలు బాస్మతిదే పైచేయి, ధైర్యం ఉంటే దానికి పోండి.

మసాలా ఇంట్లోనే కొట్టుకుందాం. ధనియాలు 1 పెద్ద స్పూన్, జీలకర్ర 1 పెద్ద స్పూన్, మిరియాలు 1 చిన్న స్పూన్, లవంగాలు 8, పచ్చ యాలకులు 6, నల్ల యాలక్కాయలు 2, దాల్చినచెక్క రెండు అంగుళాల ముక్క, అనాసపువ్వు 1, జాపత్రి ఒక రేకు, జాజికాయ చిటికెడు. ధనియాలు, జీలకర్ర కొంచెం వేయించి మిగతావాటితో కలిపి కచ్చాపచ్చాగా పొడి చేయండి, మరీ మెత్తగా పౌడర్ చేస్తే కూర నల్లగా అవుతుంది. కారం 3 చిన్న స్పూన్లు, పసుపు అర స్పూన్ విడిగా. గుంటూరు కారం వాడేవాళ్ళు 2 స్పూన్లతో ఆగండి, తర్వాత పచ్చిమిర్చి ఉంది, మిరియాలు ఉన్నాయి, అన్నీ వరసగా వచ్చి మీద పడతాయి.

సరే, టీవీ ఆన్ చేయండి. మొదటి పని ఉల్లిపాయలు. సన్నగా, ఒకే మందంలో నిలువుగా కోసి వేడి నూనెలో వేయండి. ఈ పనిలో మాత్రం స్టవ్ దగ్గర్నుంచి కదలకూడదు, కళ్ళు గిన్నె మీద, చెవులు టీవీ మీద. తెలుగు పౌరాణికాల్లో గొప్పతనం ఏంటంటే చెవులతో చూసినా సగం ఆనందం దొరుకుతుంది, ఆ డైలాగ్ పలకడంలో ఉన్న ఊపు నాటకాల్లో పద్యాల దగ్గర్నుంచి వచ్చింది కదా, సభ సీన్లు అయితే బొమ్మ చూడాల్సిన అవసరమే లేదు. ఉల్లిపాయలు మొదట నీళ్ళు వదిలి గలగలమంటాయి, ఒక పది నిమిషాలకి ఆ చప్పుడు తగ్గి సన్నటి చిటపట మొదలవుతుంది, అంచులు బంగారం రంగులోకి వస్తాయి, అక్కడి నుంచి మాడిపోవడానికి ఒకటి రెండు నిమిషాలే. మీకు కావాల్సిన రంగు రాకముందే, ఇంకొంచెం ఉంది అనిపించినప్పుడే తీసేయండి, బయటికి తీశాక కూడా ఆ వేడికి ముదురుతాయి. సగం తీసి పేపర్ మీద ఆరబెట్టండి, పైన చల్లుకోవడానికి. మిగతా సగం గిన్నెలోనే ఉంచేయండి.

అదే గిన్నెలో బిర్యానీ ఆకులు రెండు, కొంచెం షాజీరా, అల్లంవెల్లుల్లి పేస్ట్ వేసి పచ్చివాసన పోయాక మటన్ వేసి పెద్ద మంట మీద రంగు మారేదాకా తిప్పండి, ఐదారు నిమిషాలు. తర్వాత కారం, పసుపు, ఉప్పు, కొట్టుకున్న మసాలాలో ముప్పావు వంతు, తరిగిన టమాటాలు. టమాటాలు మెత్తబడ్డాక మంట పూర్తిగా తగ్గించి, గిలక్కొట్టిన పెరుగు కొంచెం కొంచెంగా పోస్తూ తిప్పండి, మంట మీద ఉన్నప్పుడు ఒకేసారి గుమ్మరిస్తే విరిగి పలుకులు పలుకులుగా అయిపోతుంది. ఒక గ్లాసు నీళ్ళు పోసి మూత పెట్టి సిమ్‌లో వదిలేయండి. ఇప్పుడు వెళ్ళి కూర్చోండి. ఒక పాత మహాభారతం ఎపిసోడ్ పూర్తిగా చూడొచ్చు, మధ్యలో రెండుసార్లు లేచి అడుగు కలిపితే చాలు. ముదురు మటన్ అయితే గంట పైనే పడుతుంది, అంత ఓపిక లేకపోతే కుక్కర్లో నాలుగైదు విజిల్స్ తెప్పించి మళ్ళీ గిన్నెలోకి మార్చుకోండి. చికెన్ అయితే నీళ్ళు వద్దు, పాతిక నిమిషాల్లో అయిపోతుంది.

ముక్క ముప్పావు వంతు ఉడికాక బంగాళదుంపలు వేయాలి. చెక్కు తీసి ఒక్కోదాన్ని రెండు ముక్కలే చేయండి, చిన్న ముక్కలు కోస్తే కూరలో కరిగిపోతాయి. ఈ దుంప గురించి కరాచీ వాళ్ళకీ లాహోర్ వాళ్ళకీ ఇంటర్నెట్‌లో రోజూ యుద్ధమే, బిర్యానీలో ఆలూ ఏంటి అని వాళ్ళు, ఆలూ లేకపోతే అది పులావ్ అని వీళ్ళు. మన హైదరాబాద్ వాళ్ళు సహజంగా లాహోర్ పక్షం వహిస్తారు, కానీ ఒక్కసారి ఆ మసాలా, ఆ పులుపు మొత్తం పీల్చుకున్న దుంప తిని చూడండి. నా మటుకు నాకు ఈ బిర్యానీలో మటన్ ముక్క కన్నా అదే ముఖ్యం. దుంపలతో పాటే ఆలూ బుఖారా, నిలువుగా చీల్చిన పచ్చిమిర్చి సగం వేసేయండి.

ఇప్పుడు అసలు పరీక్ష. దుంప ఉడికాక మూత తీసి మంట పెంచండి. మొదట నీళ్ళ బుడగలు పెద్దపెద్దవి, తేలిగ్గా పగిలిపోతుంటాయి. నీళ్ళు ఇగిరేకొద్దీ బుడగలు చిన్నవై చిక్కగా, బరువుగా అవుతాయి, గరిటెతో ఒక పక్కకి లాగితే గిన్నె అడుగు ఒక క్షణం కనిపించి మళ్ళీ మూసుకుంటుంది, అంచుల చుట్టూ ఎర్రటి నూనె గీతలా వచ్చి నిలబడుతుంది. అప్పుడు ఆపండి. అంతకన్నా పల్చగా ఉంటే అడుగున అన్నం జావ అవుతుంది, అంతకన్నా ఎండిపోతే పై అన్నానికి ఏమీ అందదు, తినేటప్పుడు గొంతు పట్టేస్తుంది. గరిటెతో తీస్తే జారాలి కానీ కారకూడదు. ఉప్పు ఇక్కడే చూసుకోండి, విడిగా తింటే ఒక్క పిసరు ఎక్కువనిపించాలి, అన్నంలో కలిశాక సర్దుకుంటుంది.

అన్నం వండేటప్పుడు సీరియల్ పాజ్ చేయండి, మొహమాటం లేదు. మూడు లీటర్ల నీళ్ళు, మూడు పెద్ద స్పూన్ల ఉప్పు, నాలుగు లవంగాలు, కొంచెం షాజీరా, ఒక స్పూన్ నూనె, కాసిని పుదీనా ఆకులు, నీళ్ళు తెర్లుతున్నప్పుడు నానిన బియ్యం వేయండి. మామూలు బాస్మతి ఐదారు నిమిషాలు, సెల్లా అయితే ఎనిమిది నుంచి పది. గడియారం కన్నా వేళ్ళని నమ్మండి, ఒక మెతుకు తీసి నొక్కితే మూడు ముక్కలుగా విరగాలి, మధ్యలో సన్నగా పలుకు తగలాలి. వెంటనే చిల్లుల గిన్నెలో వార్చేయండి, ఒక నిమిషం లేటయినా దమ్‌లో ముద్దయిపోతుంది.

పొరలు వేయడం పెద్ద బ్రహ్మవిద్యేం కాదు. మందపాటి గిన్నె అడుగున కొంచెం నూనె, పల్చగా ఒక చేరెడు అన్నం, దాని మీద కూర మొత్తం, పుదీనా, కొత్తిమీర, గుండ్రంగా కోసిన నిమ్మకాయ, టమాటా చక్రాలు, మిగిలిన పచ్చిమిర్చి, మిగిలిన మసాలా పొడి, పైన మిగతా అన్నం అంతా. తీసి పెట్టుకున్న ఉల్లిపాయలు పైన చల్లండి. చివరగా రెండు స్పూన్ల పాలల్లో చిటికెడు పసుపు ఫుడ్ కలర్ కలిపి, ఒక చిన్న స్పూన్ కేవ్డా వాటర్ వేసి అక్కడక్కడా పోయండి. అంతటా పూయకూడదు, కొన్ని మెతుకులు తెల్లగా, కొన్ని పసుపుగా, కొన్ని కూర తగిలి ఎర్రగా ఉంటేనే ఆ అందం. రంగు ఇష్టం లేనివాళ్ళు కుంకుమపువ్వు వేసుకోండి, రంగు అంత గట్టిగా రాదు, అయినా పర్లేదు.

కేవ్డా అంటే మన మొగలిపువ్వే. శివుడి సీరియల్స్ చూసినవాళ్ళకి ఈ పువ్వు బాగా గుర్తుంటుంది, బ్రహ్మ, విష్ణువు ఇద్దరూ ఆ జ్యోతిర్లింగం మొదలు, చివర వెతకడానికి పోయినప్పుడు బ్రహ్మ తరఫున దొంగసాక్ష్యం చెప్పింది, అందుకే శివపూజకి పనికిరాకుండా పోయింది. పూజకి పనికిరాకపోతేనేం, బిర్యానీకి పనికొచ్చింది. శ్రీకాకుళం దాటితే వచ్చే ఒడిశా గంజాం జిల్లా ఈ కేవ్డాకి పెట్టింది పేరు. ఒక స్పూన్ దాటించారంటే మాత్రం బిర్యానీ తింటున్నట్టు ఉండదు, అత్తరు షాపులో కూర్చున్నట్టు ఉంటుంది.

దమ్. మూత గట్టిగా బిగించండి, గోధుమపిండి చుట్టినా సరే, తడిగుడ్డ చుట్టి మూత పెట్టి పైన బరువు పెట్టినా సరే. ఐదు నిమిషాలు పెద్ద మంట, మూత తాకితే చెయ్యి చురుక్కుమనాలి, అంచుల్లోంచి ఆవిరి రావడం మొదలవ్వాలి, అప్పుడు గిన్నె కింద పాత పెనం పెట్టి మంట పూర్తిగా తగ్గించి 20 నిమిషాలు. ఇప్పుడు పెట్టండి సైంధవ వధ. సూర్యాస్తమయంలోపు సైంధవుణ్ణి చంపకపోతే అగ్నిలో దూకుతానని అర్జునుడు శపథం చేశాడు, కౌరవ సైన్యమంతా అతన్ని దాచేసింది, కృష్ణుడు సూర్యుడికి చక్రం అడ్డం పెట్టాడు, చీకటి పడిందనుకుని సైంధవుడు తల బయటపెట్టాడు, చక్రం పక్కకి జరిగింది, అయిపోయింది. ఘుమఘుమలు హాల్లోకి రాగానే అయిపోయిందేమో అని మూత ఎత్తి చూసేవాళ్ళది కూడా సరిగ్గా ఇదే పరిస్థితి. పట్టి ఉంచిన ఆవిరంతా ఒక్క క్షణంలో పోతుంది, పై మెతుకులు పలుకుగా ఉండిపోతాయి, మళ్ళీ మూత పెట్టినా లాభం ఉండదు. ఆ తెగిన తల బాణాల మీద ఎగిరి ఎగిరి వాళ్ళ నాన్న వృద్ధక్షత్రుడి ఒళ్ళో పడేదాకా ఆగండి, సీరియల్ వాళ్ళు దానికి ఎలాగూ బోలెడు టైమ్ తీసుకుంటారు. స్టవ్ ఆపాక కూడా పది నిమిషాలు కదపొద్దు.

తీసేటప్పుడు గరిటె పక్కనుంచి నిలువుగా అడుగు దాకా దింపి ఒకేసారి పైకి లేపాలి, సాంబారన్నంలా కలిపేయకూడదు. పక్కన మిర్చీ కా సాలన్ వద్దు, ఈ బిర్యానీలోనే పులుపు, కారం, తడి అన్నీ ఉన్నాయి. పెరుగులో వేయించిన జీలకర్ర పొడి, దంచిన పచ్చిమిర్చి, పుదీనా, కొంచెం సైంధవ లవణం కలిపిన పల్చటి రైతా చాలు, ఉల్లిపాయ, కీరా, టమాటా సన్నగా తరిగి నిమ్మరసం పిండితే ఇంకా మంచిది. వడ్డించే ముందు ఆలూ బుఖారాలో గింజ ఉంటుందని అందరికీ చెప్పండి, ముఖ్యంగా పిల్లలకీ, పళ్ళు కట్టించుకున్న పెద్దవాళ్ళకీ. సాలన్ కావాల్సిందే అని మారాం చేసేవాళ్ళు ఉంటే ఇంకో విషయం చెప్పండి, 1947 తర్వాత మన దక్కన్ నుంచి వెళ్ళినవాళ్ళు కరాచీలో స్థిరపడిన పేట ఒకటుంది, దాని పేరు హైదరాబాద్ కాలనీ, అక్కడ బగారా బైంగన్, సాలన్, పచ్చళ్ళు ఇప్పటికీ ఫేమస్. సింధ్‌లోనే ఇంకో హైదరాబాద్ నగరం కూడా ఉంది, దానికీ మనకీ సంబంధం లేదు.

ఇంట్లో పెద్దవాళ్ళ సంగతి. రామాయణం, మహాభారతం ఆదివారం పొద్దున వచ్చే రోజుల్లో తలస్నానం చేసి, టీవీకి బొట్టు పెట్టి, హారతి ఇచ్చి చూసిన తరం వాళ్ళది, టీవీలో దేవుడొస్తుంటే ఆ నీచు కంపేంట్రా అంటారు, అనడంలో తప్పు లేదు. అలాంటి ఇంట్లో వెజ్‌తో చేయండి, కార్తీకమాసంలో అయితే ఎలాగూ తప్పదు. మటన్ బదులు దుంపలు రెట్టింపు, పెద్ద కాలీఫ్లవర్ పువ్వులు, నానబెట్టి ఉడికించిన కాబూలీ శనగలు. మసాలా ముందు నూనె తేలేదాకా వేయించి, పెరుగు పోశాక కూరలు వేసి పావుగంట మగ్గిస్తే చాలు. ఉల్లి, వెల్లుల్లి కూడా మానేసేవాళ్ళయితే ఈ బిర్యానీ జోలికి వెళ్ళకపోవడమే మంచిది, ఆ రెండూ తీసేస్తే మిగిలేది టమాటా రైస్.

బయటి దేశాల్లో ఉన్న మనవాళ్ళకి ప్యాకెట్ దారి ఉంది. దుబాయ్‌లో, డాలస్‌లో షాన్, నేషనల్ అనే పాకిస్తానీ కంపెనీల సింధీ బిర్యానీ మసాలాలు ఎక్కడైనా దొరుకుతాయి, షాన్ వాళ్ళదే బాంబే బిర్యానీ అని కూడా ఉంటుంది, కరాచీ కంపెనీ ప్యాకెట్ మీద బాంబే పేరు, అదో తమాషా. ఇండియాలో ఉన్నవాళ్ళు వెతకొద్దు, 2025 మే 2 నుంచి పాకిస్తాన్ సరుకు దిగుమతి పూర్తిగా నిషేధం, అందుకే పైన పొడి కొలతలు ఇచ్చింది. ప్యాకెట్ వాడేవాళ్ళు ఒకటి గుర్తుపెట్టుకోండి, అందులో ఉప్పు ముందే ఉంటుంది, బాగానే ఉంటుంది, కాబట్టి కూరలో విడిగా ఉప్పు వేయకుండా చివర్లో రుచి చూసి వేసుకోండి. కారం కూడా ఉంటుంది, మన గుంటూరు కారం పైనుంచి వేయాల్సిన పనిలేదు. ప్యాకెట్ మొత్తం ఒకేసారి గుమ్మరించకుండా ముప్పావు వంతు వేసి చూడండి.

మిగిలితే మర్నాడు మైక్రోవేవ్ కన్నా పెనం మీద మూత పెట్టి, రెండు స్పూన్ల నీళ్ళు చిలకరించి, సన్నమంట మీద వేడి చేయండి. దుంపలు మాత్రం రాత్రే తినేయండి, ఫ్రిజ్‌లో పెడితే గట్టిపడతాయి.